గేదె తినని గడ్డి

పుష్యమాసం పొద్దు. పొగమంచులో
కాలువ ఏ వైపు పారుతోందో తెలియట్లేదు.
అయినవిల్లి దాటాక, శివారు పిల్లకాలువ గట్టు మీద
నేనూ, టేపు అవతలి కొస పట్టుకున్న లస్కరు ఏసురత్నమూ.
గట్టు కొలవాలి. సిమెంటు లైనింగుకి ఎస్టిమేటు వెయ్యాలి.
మధ్యలో టేపు ఏదో తుమ్మముల్లుకి పట్టుకుంది.

విడిపిద్దామని వంగితే
ముల్లు పక్కన, నా చిటికెన వేలంత మొక్క.
కాడ, నానిన ఇటుక రంగు.
ఆకులు గరికే అనుకుంటాం,
పూసేదాకా అనుకుంటూనే ఉంటాం.
కొసన గుత్తుగా తెల్లటి పూలు,
ఒక్కోటీ ఆవగింజకి అన్నలా.
కింది పెదవి మాత్రం పసుపు,
పులిహోర తిని మూతి కడుక్కోని పిల్లల్లా.

ఒకటి కాదు. చూడ్డం తెలిశాక
గట్టు పొడుగునా ఉన్నాయి,
నా చెప్పుల కింద కూడా.
గోదారి ఏ వరదకో తెచ్చి పరిచిన ఒండ్రు,
కాలువ ఊట, పొట్టి గడ్డి, నలుగురి నడక.
ఇంతకు మించి ఏమీ అడిగినట్టు లేవు.

గడ్డి కోస్తున్న పల్లాలమ్మ కొడవలి
అక్కడికొచ్చేసరికి పక్కకి తిరిగింది.
భక్తేమో అనుకున్నాను, జాలేమో అనుకున్నాను.
"ఇదేం పువ్వు పిన్నీ?"
"ఏమోనండి. గేదె ముట్టదు. అందుకే కొయ్యను."
"పేరు?"
"ఆయ్! గేదె తినందానికి పేరెందుకండి?"

ఫొటో తీసుకెళ్లి కడియం నర్సరీలో చూపించాను.
కొబ్బరి పీచులోంచి వేళ్లు వేలాడేసుకున్న
ఊదా పూల కింద నిలబడి
కుర్రాడు ఫోన్లో దాన్ని పెద్దది చేసి చూశాడు.
"గడ్డండి ఇది."

అమలాపురంలో బోటనీ చెప్పే సువార్త మేడమ్ మాత్రం
చాలాసేపు మాట్లాడలేదు.
ఇదీ ఆర్కిడ్డే, అంది తర్వాత.
చెట్టెక్కదు. నేల మీదే నిలబడుతుంది.
వడ్లగింజకైతే తల్లి సద్ది కట్టి పంపిస్తుంది.
దీని విత్తనం ధూళి. మూటా లేదు, ముల్లే లేదు.
తడి మట్టిలో ఓ బూజు ఉంటుంది,
అది చేరదీసి ముద్ద పెడితేనే మొలక.
లేకపోతే లేదు.
"ఎక్కడ చూశారు?"
చెప్పాను.
అక్కడికి ఎందుకు వెళ్లానో చెప్పలేదు.

ఎం-బుక్కులో అన్నిటికీ గడి ఉంది.
పొడవు, వెడల్పు, లోతు.
పూడిక ఇన్ని ఘనపు మీటర్లు.
గుర్రపుడెక్క తీయించడానికి ఇంత.
తుమ్మ మొద్దులు రెండు, వేలానికి.
బూజుకి గడి లేదు.
రిమార్కుల్లో పెన్ను పెట్టి, తీసి, మళ్లీ పెట్టి
"గట్టు ఎప్పుడూ తడిగా ఉన్నది" అని రాశాను.
ఏఈ గారు దాని పక్కన
"అందుకే లైనింగ్" అని రాసి సంతకం పెట్టారు.

వేసంగిలో కాలువ కట్టేశాక పని అయిపోయింది.
ఇప్పుడు చెంబుడు నీళ్లు వదిలినా
ఆఖరి చేనుదాకా జారిపోతాయి.
అది అబద్ధం కాదు. దాళ్వాకి నీళ్లందనప్పుడు
ఏసురత్నం తిన్న తిట్లు నా చెవులతో విన్నాను.
తప్పు ఎక్కడ మొదలై ఎక్కడ ఆగిందో
నా టేపుకి ఇప్పటికీ అందదు.
పల్లాలమ్మ గడ్డికి ఇంకో గట్టు చూసుకుంది.

మూడో పుష్యం.
సెక్షన్ ఆఫీసు వెనక,
ఫీల్డు నుంచి వచ్చి చెప్పుల బురద కడుక్కునే కుళాయి దగ్గర
నాచు పక్కన, నానిన ఇటుక రంగులో
ఒక కాడ.
ఏ రోజు బురదో, ఏ రోజు ధూళో.
కింద ఆ బూజు కూడా నా వెంట వచ్చిందో,
ఇక్కడే ముందు నుంచి కాచుకుని ఉందో.

కుళాయి కారుతోందని
ఫిర్యాదుల రిజిస్టర్లో మూడుసార్లు రాశారు.
బాగు చేయించమని కాగితం నాకే వచ్చింది.
వాషరు కొన్నాను. ఐదు రూపాయలు.
నెల రోజుల నుంచి
జేబులోనే ఉంది.